స్కైరిమ్‌లో లూట్ లాభంగా అమ్మడం ఎలా? అంబాజీపేట లెక్కతో పూర్తి గైడ్

గుహలోకి దిగారు, ద్రౌగర్లను పడగొట్టారు, కనిపించిన పెట్టె అల్లా ఖాళీ చేశారు. తీరా బయటికి వచ్చేసరికి స్క్రీన్ మీద మెసేజ్: బరువు ఎక్కువైంది, ఇక పరిగెత్తలేరు. నత్తనడకన ఊరు చేరి సంచి మొత్తం కుమ్మరిస్తే చేతికొచ్చేది ఏ మూడు నాలుగు వందల బంగారమో. 'ది ఎల్డర్ స్క్రోల్స్ 5: స్కైరిమ్' కొత్తగా మొదలుపెట్టిన ప్రతి ఒక్కరికీ ఈ తంటా తప్పదు.

ఈ గేమ్ 2011 నవంబర్ 11న వచ్చింది. 2016లో స్పెషల్ ఎడిషన్, 2017లో నింటెండో స్విచ్ వెర్షన్, 2021లో యానివర్సరీ ఎడిషన్ వచ్చాయి. స్పెషల్ ఎడిషన్‌కు పీసీలో కనీసం కావాల్సింది 8 జీబీ ర్యామ్, 12 జీబీ స్టోరేజ్, జీటీఎక్స్ 470 స్థాయి గ్రాఫిక్స్ కార్డ్. అందుకే పాత గేమింగ్ ల్యాప్‌టాప్ ఉన్నవాళ్లు ఇప్పటికీ దీన్ని వదలట్లేదు. కాబట్టి ఇందులో డబ్బు సంపాదించే పద్ధతి ఒకసారి పూర్తిగా చూద్దాం.

కోనసీమ వాళ్లకైతే ఈ వ్యాపారం అర్థం కావడానికి ఎంతోసేపు పట్టదు. పేపర్లో వచ్చే అంబాజీపేట కొబ్బరి ధరల పట్టిక గుర్తు చేసుకోండి. కొత్త కొబ్బరి క్వింటాల్ లెక్కన. కురిడీలో గండేరా, గటగట వెయ్యి కాయల లెక్కన. నీటికాయలో పాతది వేరు, పచ్చిది వేరు. కొబ్బరి నూనెకు ఇంకో ధర. చెట్టు నుంచి దిగింది ఒకటే కాయ. ఏ రూపంలో అమ్మారు, ఎవరికి అమ్మారు, ఎప్పుడు అమ్మారు అన్నదాన్ని బట్టి రైతు చేతికి వచ్చే డబ్బు మారిపోతుంది. స్కైరిమ్‌లో కూడా అచ్చం అంతే.

ఊరికే 'లాభం' అంటే అంతు ఉండదు కాబట్టి ఒక లక్ష్యం పెట్టుకుందాం. వైట్‌రన్ నగరంలో బ్రీజ్‌హోమ్ అనే చిన్న ఇల్లు ఉంది. ధర 5000 బంగారం. సామాన్లు దాచుకోడానికి చాలామంది కొనే మొదటి ఇల్లు ఇదే. ఆ 5000 ఎంత తొందరగా, ఎన్ని తక్కువ ట్రిప్పుల్లో వస్తుందో చూద్దాం.

వ్యాపారి మీకిచ్చేది మూడో వంతే

ప్రతి వస్తువుకూ ఒక అసలు విలువ ఉంటుంది. ఇన్వెంటరీలో కనిపించేది అదే. కానీ వ్యాపారి ఆ ధర ఇవ్వడు. మీ స్పీచ్ స్కిల్‌ని బట్టి ఒక భాజకం లెక్కేసి, దాంతో అసలు విలువను భాగిస్తాడు. స్పీచ్ 0 దగ్గర ఆ భాజకం 3.3, స్పీచ్ 100 దగ్గర 2. మధ్యలో సమానంగా తగ్గుతూ వస్తుంది.

చాలా జాతుల క్యారెక్టర్లు స్పీచ్ 15తో మొదలవుతారు. అంటే 100 విలువ ఉన్న వస్తువుకు మీకు దక్కేది సుమారు 32. స్పీచ్ 50కి చేరితే 38, 100కి చేరితే 50. అదే మీరు కొనేటప్పుడు ఈ భాజకమే గుణకం అవుతుంది. 100 విలువ ఉన్నదాన్ని మొదట్లో మీరు 310కి కొంటారు. అమ్మినప్పుడు మూడో వంతు, కొన్నప్పుడు మూడింతలు. అందుకే మొదటి పది లెవెల్స్‌లో అవసరం లేనిది కొనకపోవడమే పెద్ద ఆదా.

ఇక్కడే ఒక మంచి కిటుకు ఉంది. స్పీచ్ చెట్టులో మొదటి పెర్క్ హ్యాగ్లింగ్, అంటే బేరమాడటం. దీని మొదటి ర్యాంకుకు స్పీచ్ లెవెల్ ఏమీ అక్కర్లేదు. ధరలో 10 శాతం మెరుగు. స్పీచ్ 15 దగ్గరే ఈ పెర్క్ తీసుకుంటే 32 కాస్తా 35 దాటుతుంది. పెర్క్ లేకుండా ఆ 35 రావాలంటే స్పీచ్‌ని 35 దాకా పెంచాలి. అంటే ఒక్క పెర్క్ పాయింట్ ఇరవై లెవెల్స్ కష్టంతో సమానం. మిగతా ర్యాంకులు 20, 40, 60, 80 దగ్గర వస్తాయి. ఒక్కోదానికి 5 శాతం చొప్పున పెరిగి చివరికి 30 శాతం అవుతుంది. వాటికి తొందర లేదు. మొదటిది మాత్రం తొందరగా తీసుకోండి.

బరువుకు ఎంత పలుకుతుంది?

మొదట్లో మీరు మోయగలిగేది 300. లెవెల్ పెరిగినప్పుడు స్టామినా ఎంచుకుంటే మరో 5 కలుస్తుంది. సంచిలో చోటు తక్కువ కాబట్టి వస్తువు ధర చూడటం ఒక్కటే సరిపోదు. ధరను బరువుతో భాగించి చూడాలి. పులస పడిన రోజు వలలో మిగతా చేపలు ఎన్ని కిలోలున్నాయని ఎవరైనా చూస్తారా?

కొన్ని వస్తువుల లెక్క ఇదిగో:

- ఏన్షియంట్ నార్డ్ కత్తి: విలువ 13, బరువు 12. బరువుకు 1 మాత్రమే. ద్రౌగర్ల దగ్గర కుప్పలుగా దొరుకుతుంది, కుప్పలుగానే వదిలేయండి.
- ఇనుప కత్తి: విలువ 25, బరువు 9. బరువుకు 3 కూడా రాదు.
- ఇనుప కవచం: విలువ 125, బరువు 30. బరువుకు 4.
- డ్రాగన్ ఎముక: విలువ 500, బరువు 15. బరువుకు 33.
- బంగారు ఉంగరం: విలువ 75, బరువు 0.25. బరువుకు 300.
- వజ్రం: విలువ 800, బరువు 0.1. బరువుకు 8000.

ఇప్పుడు మన 5000 లెక్కకు వద్దాం. హ్యాగ్లింగ్ మొదటి ర్యాంకుతో, స్పీచ్ 15 దగ్గర, చేతికి 5000 రావాలంటే సుమారు 14 వేల అసలు విలువ ఉన్న సరుకు అమ్మాలి. ఇనుప కత్తులతో అయితే 560 పైచిలుకు కత్తులు. వాటి బరువు 5000 దాటుతుంది, అంటే నిండు సంచితో 17 ట్రిప్పులు. వజ్రాలతో అయితే 18 చాలు, మొత్తం బరువు 2 కూడా ఉండదు.

అన్ని వజ్రాలు ఒకేసారి దొరకవు, నిజమే. అందుకే ఒక సులువైన నియమం పెట్టుకోండి. మొదట్లో బరువుకు 10 కంటే తక్కువ పలికే వస్తువును చోటు మిగిలితేనే తీసుకోండి. లెవెల్ 20 దాటాక ఆ గీతను 20కి జరపండి. పోషన్లు, స్క్రోల్స్, స్పెల్ పుస్తకాలు, నగలు, సోల్ జెమ్స్, మంత్రం ఉన్న ఆయుధాలు సాధారణంగా ఈ పరీక్ష నెగ్గుతాయి. చచ్చిన ప్రతి బందిపోటు ఒంటి మీద ఇనుప కవచం విప్పి మోయడం మాత్రం దండగ.

ఏ సరుకు ఏ కొట్టుకి?

పచ్చికాయ తీసుకెళ్లి నూనె మిల్లు ముందు కూర్చుంటే ఏం లాభం? ఇక్కడ కూడా ప్రతి వ్యాపారీ ప్రతిదీ కొనడు.

- కమ్మరి: ఆయుధాలు, కవచాలు, ముడి ఖనిజం, లోహపు కడ్డీలు, తోళ్లు.
- మందుల కొట్టు: పోషన్లు, విషాలు, మూలికలు.
- కోటలో ఉండే మాంత్రికుడు: స్పెల్ పుస్తకాలు, స్క్రోల్స్, సోల్ జెమ్స్, మంత్రదండాలు.
- జనరల్ కొట్టు: దాదాపు అన్నీ. రత్నాలు, నగలకు ఇదే ముఖ్యమైన చోటు.
- ఖజీట్ బిడారులు: ఊరి గోడల బయట గుడారాలు వేసుకుంటారు. వీళ్లు కూడా దాదాపు అన్నీ కొంటారు, కానీ ఎప్పుడూ ఒకేచోట ఉండరు.
- సత్రం యజమాని: తిండి సరుకులు. ఇక్కడ పెద్ద డబ్బు ఆశించొద్దు.

చాలామంది మొత్తం సంచిని జనరల్ కొట్టులోనే దించేస్తారు. సులువే, కానీ అసలు ఇబ్బంది అక్కడే మొదలవుతుంది.

గల్లా పెట్టె ఖాళీ అయితే సరుకు చేతికి బరువే

ప్రతి వ్యాపారి దగ్గరా పరిమితమైన డబ్బే ఉంటుంది. పెద్ద నగరాల్లో కమ్మరి దగ్గర 1000, జనరల్ కొట్టులో 750, మందుల కొట్టులో 500, మాంత్రికుడి దగ్గర 500, సత్రంలో 100. ఇవి మొదట్లో ఉండే అంకెలు. ఆ డబ్బు అయిపోయాక కూడా అతను మీ సరుకు తీసుకుంటాడు. కానీ డబ్బు ఇవ్వడు! 1200 రావాల్సిన గొడ్డలిని 300 మిగిలిన గల్లాకు అమ్మితే మీకు వచ్చేది 300. మిగతా 900 గోదాట్లో పోసినట్టే.

గల్లా మళ్లీ నిండటానికి ఆటలో 48 గంటలు పడుతుంది. వెయిట్ ఆప్షన్‌తో 24 గంటల చొప్పున రెండుసార్లు ఆగితే చాలు. పగటిపూట కొట్లు తెరిచి ఉండే సమయానికి లేవడం మర్చిపోవద్దు.

18 వజ్రాలు ఉన్నా తొందరగా ఇల్లు ఎందుకు కొనలేరో ఇప్పుడు అర్థమవుతుంది. వజ్రానికి సుమారు 283 చొప్పున బెలెథోర్ కొట్టులో రెండు అమ్మేసరికి 566 అయిపోతాయి. మూడోదానికి పూర్తి డబ్బు ఉండదు. సరుకు ఎంత మంచిదైనా కొనేవాడు ఒక్కడే అయితే అమ్మకం అక్కడితో ఆగిపోతుంది. కాబట్టి సంచిలో రకరకాల సరుకు ఉంచుకోండి. బరువుకు బాగా పలికేవి, అవి కూడా వేరే వేరే వ్యాపారులు కొనేవి.

వైట్‌రన్‌లో ఒక రౌండ్ ఇలా వేయొచ్చు. గేటు దాటగానే వార్‌మైడెన్స్. బయట కొలిమి దగ్గర ఏడ్రియన్, లోపల ఉల్ఫ్‌బెర్త్ కొంటారు. కవచాలు, ఆయుధాలు ఇక్కడ దించండి. అక్కణ్నుంచి మార్కెట్‌లో ఆర్కేడియా మందుల కొట్టుకు పోషన్లు, మూలికలు. పక్కనే బెలెథోర్ దగ్గర నగలు, రత్నాలు. తర్వాత డ్రాగన్స్‌రీచ్ కోటలో ఫరెంగార్‌కు స్పెల్ పుస్తకాలు, స్క్రోల్స్. ఖజీట్ బిడారు ఊరి బయట ఉంటే మిగిలిపోయినవి వాళ్లకు. ఇలా పంచితే ఒక్క రౌండ్‌లో 2500 దాటడం కష్టం కాదు. రెండు రోజులు ఆగి రెండో రౌండ్ వేస్తే ఇంటి డబ్బు చేతికొస్తుంది.

ఖాళీ గల్లాను మీరే నింపండి

మీరు కొట్టులో ఏదైనా కొంటే ఆ డబ్బు వ్యాపారి గల్లాలోకే వెళ్తుంది. అంటే మీకు నిజంగా కావాల్సిన సరుకు, అంటే కడ్డీలు, సోల్ జెమ్స్, బాణాలు ముందు కొనేసి, తర్వాత మీ లూట్ అమ్మితే ఇచ్చిన డబ్బు తిరిగి మీకే వస్తుంది. ఖరీదైన వస్తువు అమ్మాల్సి వచ్చినప్పుడు ఇది చాలా ఉపయోగం. ఉదాహరణకు డేడ్రిక్ వార్‌హామర్ విలువ 4000. స్పీచ్ 15తో కూడా దాని అమ్మకం ధర 1280 దాటుతుంది. 1000 ఉన్న కమ్మరి దాన్ని కొనలేడు. ముందు అతని దగ్గర 300కి కడ్డీలు కొంటే లెక్క సరిపోతుంది.

శిక్షణకూ ఇదే సూత్రం. స్కిల్ నేర్పే మనిషే వ్యాపారి కూడా అయితే, మీరిచ్చిన ఫీజు అతని గల్లాలో చేరుతుంది. వెంటనే సరుకు అమ్మి ఆ డబ్బు వెనక్కి తెచ్చుకోవచ్చు. ఒక్కో లెవెల్‌కు ఐదుసార్లే శిక్షణ ఇస్తారని గుర్తుంచుకోండి.

రూపం మారిస్తే ధర మారుతుంది

కొబ్బరికాయను దింపిన రోజే నీటికాయగా అమ్మొచ్చు. లేదా అటక మీద నెలల తరబడి ఆరబెట్టి కురిడీ చేయొచ్చు. కష్టం, సమయం ఎక్కువ, కానీ దాని ధర దానిదే. స్కైరిమ్‌లో ఆ అటక పని కొలిమి చేస్తుంది.

అన్నిటికంటే తేలికైన ఉదాహరణ ట్రాన్స్‌మ్యూట్ మంత్రం. వైట్‌రన్‌కు ఉత్తరాన హాల్టెడ్ స్ట్రీమ్ క్యాంప్ అనే బందిపోట్ల స్థావరంలో దీని పుస్తకం దొరుకుతుంది. ఒకసారి వాడితే ఇనుప ఖనిజం వెండి అవుతుంది, ఇంకోసారి వాడితే బంగారం. ఇనుప ఖనిజం విలువ 2, బంగారు ఖనిజం విలువ 50. రెండు బంగారు ఖనిజాలు కరిగిస్తే 100 విలువ ఉన్న ఒక కడ్డీ. ఆ కడ్డీతో రెండు బంగారు ఉంగరాలు, మొత్తం 150. అంటే 4 విలువ ఉన్న ఇనుము 150 అయింది, బరువు 2 నుంచి అరకు తగ్గింది. పైగా స్మితింగ్ స్కిల్ కూడా పెరిగింది. ఇనుము తవ్వుకోడానికి ఆ క్యాంప్ లోపలే గని ఉంది.

రెండో ఉదాహరణ డ్వెమర్ శిథిలాల్లో దొరికే లోహం. ఇక్కడ కంటికి పెద్దగా కనిపించేది ఎత్తుకుంటే బోల్తా పడతారు. సాలిడ్ డ్వెమర్ మెటల్ బరువు 25, కరిగిస్తే 5 కడ్డీలు. వంగిపోయిన చిన్న డ్వెమర్ ముక్క బరువు 2, అది 3 కడ్డీలు ఇస్తుంది. కడ్డీ విలువ 30. పెద్ద దిమ్మ బరువుకు 6 పలికితే, చిన్న ముక్క బరువుకు 45 పలుకుతుంది. డొక్కతో సహా కాయ మోయడం ఎందుకు? ఒలిచిన కాయ లాంటి చిన్న ముక్కలే ఏరుకోండి.

ఆ కడ్డీలను కూడా నేరుగా అమ్మక్కర్లేదు. డ్వార్వెన్ స్మితింగ్ పెర్క్ ఉంటే, రెండు డ్వార్వెన్ కడ్డీలు, ఒక ఇనుప కడ్డీతో 270 విలువ ఉన్న విల్లు తయారవుతుంది. కాకపోతే విల్లు బరువు 10. అందుకే కడ్డీలుగా మోసుకొచ్చి, ఊళ్లో కమ్మరి పక్కనే విల్లు చేసి, అక్కడికక్కడే అమ్మేయండి.

ఒక జాగ్రత్త. మంత్రం ఉన్న కొత్త రకం ఆయుధం దొరికితే వెంటనే అమ్మొద్దు. ఆర్కేన్ ఎన్‌చాంటర్ బల్ల మీద డిస్ఎన్‌చాంట్ చేస్తే ఆ ఆయుధం పోతుంది కానీ మంత్రం మీకు వస్తుంది. తర్వాత 10 విలువ ఉన్న ఇనుప బాకుకు అదే మంత్రం పెట్టి ఎన్నో రెట్లకు అమ్మొచ్చు. బానిష్ మంత్రం ఈ పనికి బాగా పేరున్నది.

తాయెత్తు, పోషన్, మిగతా పెర్కులు

జెనిథార్ తాయెత్తు వేసుకుంటే ధరలు 10 శాతం మెరుగవుతాయి. జెనిథార్ గుడి దగ్గర దణ్ణం పెట్టుకున్నా కొంతసేపు అంతే మెరుగు. సీతాకోకచిలుక రెక్క, టండ్రా కాటన్ కలిపితే ఫోర్టిఫై బార్టర్ పోషన్ వస్తుంది. టండ్రా కాటన్ వైట్‌రన్ మైదానాల్లో కావల్సినంత. పెద్ద అమ్మకానికి ముందు ఈ మూడూ కలిపి వాడండి, తర్వాత తాయెత్తు తీసేసి పోరాటానికి పనికొచ్చేది వేసుకోండి.

వ్యాపారమే మీ దారి అనుకుంటే స్పీచ్‌లో ఇంకా పైకి వెళ్లొచ్చు. 50 దగ్గర మర్చంట్ పెర్క్ తీసుకుంటే ఏ వస్తువునైనా ఏ వ్యాపారికైనా అమ్మొచ్చు. 70 దగ్గర ఇన్వెస్టర్: కొట్టులో 500 పెట్టుబడి పెడితే ఆ గల్లా శాశ్వతంగా పెరుగుతుంది. 100 దగ్గర మాస్టర్ ట్రేడర్: ప్రతి వ్యాపారి గల్లాలో మరో 1000. అమ్మినా కొన్నా స్పీచ్ దానంతటదే పెరుగుతుంది కాబట్టి దీనికి ప్రత్యేకంగా కష్టపడక్కర్లేదు. కానీ మొదటి పదిహేను లెవెల్స్‌లో పెర్క్ పాయింట్లు ప్రాణం కాపాడే స్కిల్స్‌కే ఖర్చు పెట్టండి. గల్లా నిండినా మనిషి బతికుండాలి కదా!

దొంగిలించిన సరుకు సంగతి వేరు. మామూలు వ్యాపారులు దాన్ని ముట్టుకోరు. రిఫ్టన్ నగరం కింద ఉన్న దొంగల ముఠాలో చేరితే టోనిలియా కొంటుంది. ఆమె గల్లా 1000తో మొదలై, ముఠా పెరిగేకొద్దీ 4000 దాకా వెళ్తుంది.

వేరే గేమ్స్‌లో పనికొస్తుందా?

పనికొస్తుంది, అంకెలు మాత్రం మారతాయి. 'ది విచర్ 3'లో కూడా వ్యాపారుల డబ్బు పరిమితమే. ఆయుధాలు, కవచాలకు వాటి పనివాళ్లే మెరుగైన ధర ఇస్తారు. 2023లో వచ్చిన 'బాల్డర్స్ గేట్ 3'లో వ్యాపారికి మీ మీద ఉన్న అభిమానాన్ని బట్టి ధర మారుతుంది, ఊరికే కొంత బంగారం ఇస్తే ఆ అభిమానం పెరుగుతుంది. వాడుక కొట్టులో మంచిగా ఉంటే రేటు తగ్గించినట్టే అన్నమాట.

ఏ గేమ్ అయినా గుహలోకి వెళ్లే ముందు అడగాల్సినవి మూడే: ఇది బరువుకు ఎంత పలుకుతుంది, దీన్ని కొనేవాడు ఎవరు, వాడి దగ్గర ఎంత ఉంది? వీటికి జవాబు తెలిస్తే బ్రీజ్‌హోమ్ తాళం చేతికి రావడానికి రెండు మూడు గుహలు చాలు. ఈసారి ద్రౌగర్ పక్కన పడి ఉన్న పాత కత్తిని చూసినప్పుడు దాన్ని అక్కడే వదిలేసి, పక్కన ఉన్న కుండలో చెయ్యి పెట్టండి. ఉంగరాలు, రత్నాలు దొరికేది అక్కడే.